ముందే పండిన కొర్ర చేను

అరకు పేరు చెప్పగానే మీకు కాఫీ గుర్తొస్తుంది, వలిసె పూల మధ్య దిగిన ఫోటో గుర్తొస్తుంది, అద్దాల రైలుపెట్టె గుర్తొస్తుంది. నాకు మాత్రం చిలకలు గుర్తొస్తాయి. ఒకటీ అరా కాదు, ఒక కొండవాలు మొత్తాన్ని కప్పేసి, మా వ్యవసాయ శాఖ పరువుని గింజ గింజగా వలుచుకు తిన్న చిలకలు. రిటైరయ్యాక నన్ను ఎవరైనా "మేడం, మీ సర్వీసులో పెద్ద విజయం ఏది?" అని అడిగితే ఆ చిలకల సంగతే చెబుతాను. "పెద్ద ఓటమి ఏది?" అని అడిగినా అదే చెబుతాను. రెండు ప్రశ్నలకీ ఒకటే జవాబు ఉండటంలో ఒక సుఖం ఉంది, బుర్ర వెతుక్కోనక్కర్లేదు.

ఈ మధ్యనే ఉద్యోగంలో చేరి, చేతిలో ట్యాబు, కాళ్లకి తెల్ల బూట్లు వేసుకుని కొండలెక్కుతున్న పిల్లలూ, ఇది మీ కోసమే. బూట్లు తెల్లవి వద్దని కూడా చెబుదును గానీ, అది మీకు మొదటి వానకే తెలుస్తుంది.

నేను విజయనగరం వైపు మాగాణి రైతు కూతుర్ని. మా నాన్న చేను పండితే మా నాన్న కోసేవాడు. పక్క చేనాయనది పండితే ఆయన కోసుకునేవాడు. ముందు కోసినవాడు ముందు తినేవాడు, ముందు అమ్మేవాడు, రచ్చబండ మీద కాస్త ముందుకి జరిగి కూర్చునేవాడు కూడా. పంటంటే ఇంతేనని నేను బుద్ధెరిగినప్పటి నుంచీ అనుకున్నాను. చదువుకున్న కాలేజీలోనూ ఇంతకు మించి చెప్పలేదు. ఆ తెలివితోనే హుకుంపేట అవతల కొండల్లో వ్యవసాయాధికారిగా చేరాను.

అక్కడ వానాకాలం నడిమధ్యన ఒక చెడ్డ నెల ఉంటుంది. నిరుటి చోడి, అంటే రాగి, సామ అడుగంటిపోతాయి. ఈ ఏటి కొర్ర ఇంకా పాలు పోసుకుంటూ ఉంటుంది. చుట్టూ ఎటు చూసినా పచ్చగా ఉంటుంది, తినడానికి మాత్రం ఏమీ ఉండదు. జనం వెదురు కొమ్ములు వండుకుంటారు, దాచిన మామిడి టెంకల్ని నానబెట్టి, చేదు తీసి, అంబలి కాచుకుంటారు. రేషన్ బియ్యం ఉన్నాయి కదా అంటారా? ఉన్నాయి. అవి నెలంతా వచ్చేస్తే ఇక ఈ కథ ఎందుకు?

మా ఏడీ గారికి ఈ చెడ్డ నెల మీద పట్టరాని కోపం. ఆయన మా పై అధికారి. మంచివాడు, మాటకి ముందు సామెత, సామెత తర్వాత మీటింగు. ఎక్కడో పరిశోధనా స్థానంలో తక్కువ రోజుల్లో పండే కొర్ర ఒకటి తయారైందని తెలిసి, ఒక బస్తా పట్టుకొచ్చాడు.

"ఇది మామూలు కొర్ర కన్నా చాలా ముందు పండుతుందమ్మా. ఆకలి నెలలోనే గింజ చేతికొస్తుంది. దీన్ని ఒక మంచి రైతు చేత వేయించు. ఒకరు వేసి చూపిస్తే మిగతావాళ్లు వాళ్లంతట వాళ్లే వస్తారు," అన్నాడు.

ఇందులో తప్పేమీ కనబడలేదు నాకు. మీకూ కనబడదు. కాయితం మీద ఎంత వెతికినా కనబడదు.

రోడ్డు ఆగిపోయిన చోట జీపు ఆపి, పైకి నడిచి వెళ్లే ఊరొకటి ఉండేది. అక్కడ మీటింగు పెట్టాం. నేను గంటసేపు ఆ గింజ గొప్పతనం చెప్పాను. ఊరంతా మర్యాదగా విన్నారు. ఎవరేస్తారు అని అడిగేసరికి అందరూ ఇంటి కప్పులకేసి చూడటం మొదలుపెట్టారు. అప్పుడు వెనక నుంచి ఒకామె లేచింది. ముప్పై ఏళ్లు ఉంటాయేమో, నడుముకి కొడవలి దోపుకుని, అప్పుడే చేలోంచి వచ్చినట్టుంది.

"నానేత్తాను మేడమ్మా. ఓ మూలకి కాదు, మా వాలంతా యేసెత్తాను."

ఆమె పక్కనే కూర్చున్న ముసలామె చుట్ట నోట్లోంచి తీసింది. అది ఆమె అత్త.

"ఏసెయ్, ఏసెయ్! ఆ గింజకి ఊరూ పేరూ ఉందేటి? మన గింజ మా అత్త నాకిచ్చింది. ఆవిడికి ఆవిడత్త ఇచ్చింది."

"గింజిచ్చేరు గానీ ఈ నెల్లో తిండిచ్చేరేటి?" అంది కోడలు. "ఏటేటా టెంకంబలే కదా."

"టెంకంబలి తాగే నీ మొగుణ్ణి కన్నాను. ఎదవలా ఉన్నాడేటి?"

ఆ మొగుడు అక్కడే ఉన్నాడు. కరవమంటే కప్పకు కోపం, విడవమంటే పాముకు కోపం. అతను కూడా ఇంటి కప్పుకేసి చూశాడు.

చివరికి కోడలి మాటే నెగ్గింది. వాలంతా కొత్త గింజ చల్లింది. ఆ ఏడాది ఆ ఇంటి కొర్రంతా మా బస్తాలోంచి రావలసిందే, వేరే చేనుముక్క లేదు. అత్త ఒకటే మాటంది: "ఇది గాని పాడైతే, కొండ దిగి మీ అమ్మోలింటికాడ తిను." నవ్వుతూ అనలేదు.

ఇక్కడ మా జీపు డ్రైవర్ని పరిచయం చెయ్యాలి. శ్రీకాకుళం మనిషి, నా కన్నా పెద్దవాడు, జలగలంటే ప్రాణభయం, తిండంటే ప్రాణం. అతని దవడ ఖాళీగా ఉండగా నేను చూడలేదు. దారిలో చింతచిగురు కనబడితే చింతచిగురు, జామ కనబడితే జామ, ఏమీ లేకపోతే గడ్డిపరక. "ఏటి చేత్తామండి మేడంగారూ, నోరూరుకోదు," అనేవాడు.

వానలు బాగా పడ్డాయి. కొర్ర ఏపుగా లేచింది. చుట్టూ ఉన్న చేలన్నీ ఇంకా పచ్చగా ఉండగానే కోడలి వాలు మాత్రం పసుపు తిరిగి, కంకులు నక్క తోకల్లా వంగాయి. ఏడీ గారికి ఫోటోలు పంపాను. ఆయన పాడేరు మీటింగులో అందరికీ చూపించాడట. పంట కోతకి పెద్దవాళ్లని పిలుద్దాం, ఏర్పాట్లు చెయ్యమన్నాడు. నేను ఉత్సాహంగా కొండెక్కాను.

చేను నిండా చిలకలు. పైన మంచె మీద అత్తాకోడళ్లు ఇద్దరూ నిలబడి, ఒకరు డబ్బా కొడుతూ, ఒకరు ఒడిసెల తిప్పుతూ ఉన్నారు. ఒక పక్కన తోలితే ఇంకో పక్కన దిగుతున్నాయి. ఆ కొండల్లో అప్పటికి పండిన చేను అదొక్కటే. ఎక్కడెక్కడి చిలకలకీ, పిచ్చుకలకీ కబురు అందిపోయింది.

"ఇంకా కొయ్యలేదేం? బాగా పండిపోయింది కదా!" అని అరిచాను.

కోడలు డబ్బా ఆపి నా వైపు వింతగా చూసింది. "కొత్త అవనేదు కదా మేడమ్మా."

మీకు తెలియకపోతే చెబుతాను. ఆ కొండల్లో మామిడికాయైనా, చిక్కుడైనా, కొర్రైనా, కొత్తగా వచ్చిన పంటని ఎవరికి వారు కోసుకు తినెయ్యరు. ఊరంతా ఒక రోజు చూసుకుని, ఊరి దేవతకీ, పోయిన పెద్దలకీ పెట్టి, ఆ తర్వాత అందరూ ఒక్కసారే తింటారు. దాన్నే కొత్త అంటారు. కొర్రకి కొర్ర కొత్త. ఆ ఊళ్లో కట్టు ఏమిటంటే, ఆఖరివాడి చేను కూడా పండితేనే కొత్త. అంతవరకూ చేలో కొడవలి పడకూడదు, గింజ నోట్లోకి వెళ్లకూడదు.

కొత్త పండగ సంగతి నాకు తెలియక కాదు. ఏటేటా పిలిస్తే వెళ్లి కడుపునిండా తిని వచ్చేదాన్ని. తినడం తెలుసు గానీ, దానికి ముందు తినకుండా ఉండటం ఒకటుందని ఎప్పుడూ ఆలోచించలేదు.

"మరి ముందే పండుతుందని చెప్పాను కదా! నువ్వైనా అనుకోలేదా?" అన్నాను.

ఆమె కాస్త మొహమాటపడింది. "సర్కారోలు సెప్పింది కదా మేడమ్మా, పది సెప్తే రెండవుద్దనుకున్నాను. కాసింత ముందు పండుద్దనుకున్నాను. ఇలాగ నిజింగా పండిపోద్దనుకోనేదు."

మేం చెప్పింది చెప్పినట్టు జరగడం నా సర్వీసులో అదే మొదటిసారి. అదే కొంప ముంచింది.

ఆ తర్వాత రోజూ అదే తంతు. తెల్లారేసరికి చిలకలు, వాటితోపాటే మంచె మీద అత్తాకోడళ్లు. మా డ్రైవర్ ఒక సంగతి కనిపెట్టాడు. డబ్బాకి గానీ, ఒడిసెలకి గానీ భయపడని చిలకలు, అత్తాకోడళ్లు తగువాడుకుంటే మాత్రం లేచిపోతున్నాయి. నువ్వే తెచ్చావని ఆమె, నీ నోటి చలవేనని ఈమె. గొంతులు తారస్థాయికి చేరాయంటే చేను ఖాళీ. అలిసిపోయి ఇద్దరూ ఊరుకున్నారంటే మళ్లీ పచ్చగా దిగిపోయేవి.

"ఆల్ని రాజీ పడనివ్వకండి మేడంగారూ," అన్నాడు డ్రైవర్.

నవ్వొచ్చింది గానీ, నా లోపల నవ్వు లేదు. ఆ ఇంటి ఏడాది కొర్ర నా కళ్ల ముందే ఎగిరిపోతోంది. కోడలు రోజు రోజుకీ తగువు కూడా తగ్గించేసింది. చేను పోతే ఈ అత్త ఇంట్లో ఆమెకి నోరెత్తే వీలుండదని నాకు తెలుసు. ఆమెకీ తెలుసు.

ఏడీ గారికి ఫోన్ చేశాను. ఆయన ముందు నమ్మలేదు, తర్వాత తిట్టాడు, తర్వాత స్వయంగా బయల్దేరి వచ్చాడు. గొడుగు పట్టుకుని ఊపిరాడక ఎక్కి, ఊరి మధ్యన రాయి మీద కూర్చున్నాడు. ఊరంతా పోగయ్యారు. ఊరి పూజారి సన్నటి మనిషి, అతనికీ ఒక గొడుగుంది. రెండు గొడుగులూ ఎదురెదురుగా కూర్చున్నాయి.

"కొత్త కాస్త ముందుకి జరపొచ్చు కదా పూజారి గారూ," అన్నాడు ఏడీ గారు.

"జరుపుతాం బాబూ. ఆఖరి సేను పండితే రేపే జరుపుతాం."

అందరూ ఒకాయన వైపు తిరిగారు. ఆఖరి చేను ఏటా ఆయనదేనట. దుక్కి ఆలస్యం, విత్తు ఆలస్యం. పెళ్లికి కూడా పెళ్లికూతురు వచ్చి చాలాసేపు కూర్చున్నాక వచ్చాడని ఊళ్లో చెప్పుకుంటారు. అతని చేను చూసొచ్చాను. ఇంకా కంకే సరిగ్గా తియ్యలేదు.

ఎందుకీ కట్టు అని ఏడీ గారు అడిగాడు. పూజారి దేవత కోపం అన్నాడు. రోజులు లెక్కగట్టే దిసారి చుక్కల లెక్క అన్నాడు. ఊరి పెద్ద, ఎప్పుడూ ఇంతే అన్నాడు. వాళ్లలో వాళ్లకే పడలేదు. నాకు మాత్రం, మీటింగు జరుగుతున్నంతసేపూ ఏ ఇంటి కప్పులోంచీ పొగ రాకపోవడం కనిపిస్తూనే ఉంది. అందులో ఒక్క ఇంటి నుంచి కొర్రన్నం వాసన వస్తే ఎలా ఉంటుందో తట్టింది. అదే కారణమని నేననను. ఆకలి నెలలో ఊరు చీలిపోకుండా ఉండాలంటే ఏదో ఒకటి పట్టి ఉంచాలి, అంతవరకే నాకు అర్థమైంది.

ఏడీ గారు అంత తేలిగ్గా వదిలే రకం కాదు. ఆఫీసు అంతా ఆయన్ని రూళ్లలో పండిపోయిన మనిషి అంటారు.

"రూలు రూలే, కాదనను. కానీ ప్రతి రూలుకీ వెనకాలే ఒక సర్క్యులర్ ఉంటుంది. కొడవలి పెట్టకూడదన్నారు. చేత్తో తుంపితే?"

పూజారి గొడుగు మూశాడు. ఇది మంచి ప్రశ్న అన్నట్టు చూశాడు. ముసలివాళ్లతో కాసేపు గుసగుసలాడాడు.

"ఇత్తనానికైతే తుంపొచ్చు. ఇత్తనం తిండి కాదు కదా."

"ఎంత విత్తనం?"

"కావలసినంత."

"ఎవరికి?"

"కావలసినోలకి."

ఏడీ గారు నా వైపు చూశాడు. నేను కోడలి వైపు చూశాను. ఊరంతా ఈ గింజని విత్తనంగా అడిగితే, చేనంతా చేత్తో తుంపి ఇంటింటికీ చేర్చొచ్చు. మిగిలింది కోడలి అటక మీద విత్తనమనే పేరుతోనే ఉంటుంది, కొత్త అయ్యాక తిండవుతుంది. విత్తనం పట్టుకెళ్లినవాళ్లు కొత్త నాడు తమ చేలోంచి గంపకి గంప తిరిగిస్తే సరి. దారి దొరికింది. కానీ విత్తనం అడిగేదెవరు? మొదటి మీటింగులో కప్పుల్ని చూసిన జనమే కదా.

అత్త చుట్ట తీసి, "ఎవుడికి కావాలి ఆ సిలకల తిండి?" అంది.

అప్పుడు ఆఖరి చేను ఆయన చెయ్యెత్తాడు, ఎప్పుడూ దేనికీ ముందు రాని మనిషి.

"నాకు కావాల. అందరి కన్నా బేగి పండే గింజ అందరి కన్నా నాకే కావాల కదేటి!"

ఊరు ఊరంతా పగలబడి నవ్వింది. ఆ నవ్వులోనే ఒక్కొక్కరూ నాకూ ఒక గంప, నాకూ ఒక గంప అన్నారు. నీ చేను మమ్మల్ని ఏటా పస్తులుంచింది బావా, ఈ గింజతోనైనా బాగుపడు అని ఒకామె దెప్పింది. ఆయన తల గోక్కున్నాడు.

మర్నాడు పొద్దున్నే ఊరంతా ఆ వాలు మీదకెక్కింది. మేం కూడా దిగాం. ఏడీ గారు ప్యాంటు మడిచి దిగాడు. చిలకలు ఒక కొసన, మనుషులు ఒక కొసన. ఎవరు ముందు చేను ముగిస్తారా అన్నట్టుంది. కంకి పట్టుకుని చేత్తో తుంపడం కొడవలితో కోసినంత తేలిక కాదు, వేళ్లు కోసుకుపోతాయి. అయినా పాటలు పాడుకుంటూ, ఆఖరి చేను ఆయన్ని ఏడిపించుకుంటూ తుంపుతున్నారు.

కాసేపటికి ఒక సంగతి గమనించి నా చెయ్యి ఆగిపోయింది. అందరూ పొద్దున వెదురు కొమ్ముల నీళ్లు తాగి వచ్చినవాళ్లే. చేతుల నిండా పండిన గింజ, గంపల నిండా గింజ. ఒక్కరు కూడా నోటి దగ్గరకి తీసుకెళ్లలేదు. ఒక తల్లి నడుం మీద చంటిపాప కంకి పట్టుకుని నోట్లో పెట్టుకోబోతే, తల్లి ఆ పిడికిలి మెల్లగా విప్పి కంకి తీసి గంపలో వేసింది. పాప ఏడుస్తుంటే ముద్దు పెట్టుకుంది. నేను పొద్దున ఇడ్లీలు తిని వచ్చాను.

సరిగ్గా అప్పుడే, నా పక్కన కరకరమని శబ్దం.

మా డ్రైవర్ కంకిని అరచేతిలో నలిపి, పొట్టు ఊది, గింజలు నోట్లో వేసుకుని నములుతున్నాడు. రోజూ చేసే పనే, చింతచిగురుకీ కొర్రకీ తేడా తెలియని నోరు. నమిలి, మింగి, "తియ్యగుందండి," అన్నాడు.

పాటలు ఆగిపోయాయి. గంపలు కింద పెట్టేశారు. పూజారి గొడుగు తెరిచి, మళ్లీ మూశాడు. దేవతకి పెట్టకుండా ఒక మనిషి చేలోనే తినేశాడు. ఆ చేలో గింజ ఇక ఎంగిలి. అది విత్తనానికీ పనికిరాదు, కొత్తకీ పనికిరాదు, అక్కడే వదిలెయ్యాలి అని ముసలివాళ్లు మెల్లగా అంటున్నారు. వాళ్లకి కోపం లేదు, భయంగా ఉంది. అది ఇంకా కష్టంగా తోచింది నాకు.

డ్రైవర్ చెయ్యి రెండో కంకి దగ్గర ఆగిపోయింది. "ఓలమ్మో, అలవాటండి... నోరూరుకోక..." అంటున్నాడు. ఏడీ గారు సామెత కోసం వెతుక్కుంటున్నాడు. కోడలు ఉన్నచోటే కూలబడిపోయింది. ఏడవలేదు. తుంపిన కంకులు ఒళ్లో పెట్టుకుని అలా చూస్తూ కూర్చుంది. వద్దన్న అత్త మాట తోసేసి, ఏడాది తిండి మా చేతుల్లో పెట్టిన మనిషి. ఆమె మొహం చూడలేక నేను తల తిప్పేసుకున్నాను.

మంచె మీంచి అత్త దిగింది. చేతిలో ఒడిసెల. ఇన్నాళ్లూ ఈ గింజ నాశనమవుతుందని అందరికన్నా గట్టిగా చెప్పిన మనిషి. ఇప్పుడు నోరు మెదపకుండా ఉంటే చాలు, గెలుపు ఆమెదే. ఆమె మా డ్రైవర్ ముందుకొచ్చి నిలబడి, కాలి నుంచి తల దాకా చూసింది. ఆ రోజు అతను ఏదో విత్తనాల ప్రచారంలో పంచిన ఆకుపచ్చ చొక్కా వేసుకున్నాడు. ముక్కు కాస్త వంకర, అది దేవుడిచ్చింది.

"ఎవుడు తిన్నాడన్నారు?" అంది అత్త.

"ఇదుగో, ఈయన," అన్నాడు పూజారి.

"ఈయనేటి? మనిసేటి ఇది?" అని ఒడిసెల కొసతో అతని చొక్కా పొడిచింది. "నాను పొద్దుట్నించి సూత్తన్నాను. ఈ సేలోకి పెద్ద సిలకొకటి దిగింది. తోలితే ఎగరదు, బలిసిపోయింది."

అత్త పూజారి వైపు తిరిగింది.

"సిలకలు ఇన్నాళ్లు తిన్నాయి కదా. సేను ఎంగిలైపోయిందని ఎవులైనా అన్నారేటి? సిలకలకి కొత్తుందేటి, పూజారీ?"

పూజారి ఆలోచించాడు. నిజంగానే ఆలోచించాడు, నుదురు ముడిపడింది. డ్రైవర్ని ముందు నుంచి చూశాడు, పక్క నుంచి చూశాడు.

"సిలకకి కొత్త నేదు," అన్నాడు చివరికి. "కానీ సిలకైతే తోలాల కదా. తోలకుండా సేలో ఉంచకూడదు."

అత్త ఒడిసెలలో మట్టిబెడ్డ పెట్టింది. మా డ్రైవర్‌కి అప్పటికి విషయం అర్థమైంది. జలగల్ని కూడా లెక్కచెయ్యకుండా వాలు దిగి పరుగెత్తాడు. వెనక ఊరంతా హోయ్ హోయ్ అంటూ డబ్బాలు కొట్టారు. బెడ్డలు అతని చుట్టుపక్కల పడ్డాయి, ఒకటి వీపుకి తగిలింది. ఆడవాళ్లు నవ్వలేక పొట్టలు పట్టుకున్నారు. సాయంత్రం దాకా అతను జీపులోంచి దిగలేదు. నీళ్లు కావాలా అని ఒక ముసలాయన వెళ్లి అడిగితే కీ కీ అన్నాడట.

పొద్దు వాలే వేళకి చేను ముగిసింది. గంపలు నెత్తిన పెట్టుకుని అందరూ దిగుతుంటే అత్త పక్కన నడుస్తూ అడిగాను. "ఈ గింజ పాడవ్వాలనే కదా నువ్వు కోరుకున్నావు. మరి ఎందుకు అడ్డం పడ్డావు?"

ఆమె చుట్ట వెలిగించుకుంటూ నన్ను అమాయకురాల్ని చూసినట్టు చూసింది.

"నా కోడల్తో నాను తగువాడాల. ఊరు తగువాడ్డానికి, అదేటి ఊరికి కోడలా?"

ముందు నడుస్తున్న కోడలికి ఆ మాట వినబడింది. వెనక్కి తిరగలేదు గానీ, నడక నెమ్మదించి అత్తని కలుపుకుంది. గంప నెత్తి మీంచి దించితే ఒక చెవి అత్త పట్టుకుంది. పది అడుగులైనా వెయ్యకుండానే సరిగ్గా పట్టుకోలేదని మళ్లీ మొదలెట్టారు. చుట్టుపక్కల చెట్ల మీది చిలకలు లేచిపోయాయి.

ఆఖరి చేను ఆయన చేను కూడా చివరికి దయతలిచి పండింది. కొత్త నాడు మమ్మల్ని పిలిచారు. ఊరి దేవతకీ, పెద్దలకీ పెట్టాక, ఇంటింటి నుంచీ గంపలు వచ్చి కోడలి గుమ్మంలో పోసి వెళ్లాయి. చిలకలు తిన్నదైతే తిరిగి రాలేదు, అది ఒప్పుకోవాలి. కానీ ఆ ఏడాదికి ఇల్లు గడిచింది, ఆమె కొండ దిగి అమ్మగారింటికి వెళ్లలేదు. ఆ రోజు మా డ్రైవర్ మనిషిగానే కూర్చుని, మనిషి తినగలిగినదానికి మించి తిన్నాడు.

ఏడీ గారు రిపోర్టు ఎలా రాయాలో తెలియక చాలా రోజులు బాధపడ్డాడు. ప్రయోగం విఫలం అని రాస్తే, మరుసటి ఏడాది ఆ ఊళ్లో ప్రతి ఇల్లూ ఆ గింజే ఎందుకు చల్లిందో చెప్పాలి. విజయం అని రాస్తే చిలకల్ని చెప్పాలి. చివరికి ఆయన ఏం రాశాడో నాకు తెలియదు. ఊరు మాత్రం అందరూ కలిసి చల్లింది, అందరిదీ కలిసి పండింది. ఆఖరి చేను ఆయనది కూడా, ఆలస్యంగా చల్లినా, కాస్త అటూ ఇటూగా అందుకుంది. ఊరంతా పండితే చిలకలు కూడా పంచుకుని తింటాయి, ఒక్కరి మీదే పడవు. కొర్ర కొత్త ముందుకి జరిగింది. ఆకలి నెల పూర్తిగా పోలేదు గానీ, సగం తగ్గింది. మేం అనుకున్నది జరిగింది. మేం అనుకున్న దారిలో మాత్రం కాదు. మేం ఒకరికిచ్చి అందరినీ చూడమన్నాం. ఆ ఊళ్లో ఒకరు తింటుంటే చూసే పద్ధతే లేదు.

వ్యవసాయం మనిషికి దున్నడం నేర్పింది, విత్తడం నేర్పింది అని పుస్తకాల్లో ఉంటుంది. పండిన గింజ చేతిలో పెట్టుకుని, కడుపు కాలుతున్నా ఆగడం కూడా నేర్పిందని నేను ఆ వాలు మీదే చూశాను. ఆగకపోతే విత్తనం మిగలదు. విత్తనం మిగలకపోతే ఊరే మిగలదు. చిలకకి ఆ బెంగ లేదు. మా డ్రైవర్‌కీ లేదు, అందుకే ఇద్దరూ సుఖంగా ఉండేవారు.

నేను రిటైరయ్యే ఏడాది, నా స్థానంలోకి రాబోయే కుర్ర అధికారిని ఊళ్లు చూపించడానికి తిప్పుతున్నాను. తెల్ల బూట్లు, చురుకైన పిల్లవాడు. ఆ ఊరికీ తీసుకెళ్లాను. అత్త బాగా ముసలిదైపోయింది. చూపు ఆనకపోయినా నోరు తగ్గలేదు. కోడలు ఇప్పుడు ఊరి పెద్దల్లో కూర్చునే మనిషి. జీపులో ఒక బస్తా ఉంది. మళ్లీ కొత్త రకం, కొర్ర కాదు, చోడి. దిగుబడి ఎక్కువ. కుర్రవాడు దాని గురించి గంటసేపు చెప్పాడు, నా కన్నా చక్కగానే చెప్పాడు.

కోడలు ఓపిగ్గా అంతా విని అడిగింది. "ఎన్నిళ్లకి తెచ్చేరు బాబూ?"

"ముందు ఒక్కరు వేసి చూపించాలండి. బాగుంటే వచ్చే ఏడాది మిగతావాళ్లకి..."

"ఒక్కలం ఏసేం బాబూ. ఓ పాలి సూసేం." ఆమె నవ్వుతూనే అంది. "ఊరందరికీ తెస్తే దించండి. నేకపోతే బస్తా బండిలోనే ఉంచి, టీ తాగి ఎల్లండి."

కుర్రవాడు ఏం చెయ్యమంటారన్నట్టు నా వైపు చూశాడు. నేను టీ తాగాను. బస్తా దించనివ్వలేదు.